హ్యాండ్ బ్రేకు నట్టు బిగించే ముందు డ్రమ్ము సంగతి చూడండి

హ్యాండ్ బ్రేకు లివరు పైకి లాగేటప్పుడు టక్కు టక్కుమనే చప్పుడు ఎన్నిసార్లు వినబడుతుందో లెక్కపెట్టడం నాకు అలవాటు. ఆరో టక్కుకు బండి గట్టిగా నిలబడితే నిశ్చింత. తొమ్మిది, పది దాకా వెళ్తోందంటే మాత్రం వచ్చే ఆదివారం పొద్దున్నే జాకీ, పానాలు బయటికి వస్తాయి. మా ఇల్లు విశాఖపట్నంలో పెదవాల్తేరు వైపు, ఎత్తుకు ఎక్కే ఒక సందులో ఉంది. గేటు లోపల కారుకు చోటు లేదు కాబట్టి సందులోనే గోడవారగా నిలపాలి. సాయంత్రమైతే సందు కింది కొసన పిల్లలు క్రికెట్ ఆడతారు. మనిషి లేని బండి ఆ వాలులో నిలబడి ఉన్నంతసేపూ దాన్ని పట్టి ఉంచే భారం ఉక్కు తీగలతో చేసిన కేబుళ్ళ మీద, వెనక చక్రాల డ్రమ్ముల్లో ఒరుసుకుని చక్రాన్ని పట్టే నాలుగు బ్రేకు షూల మీద ఉంటుంది. ఈ సంగతి తెలిసిన దాన్ని కాబట్టి హ్యాండ్ బ్రేకు విషయంలో నాకు ‘తరువాత చూద్దాం’ అనేది లేదు.

నేను జూనియర్ కాలేజీలో భౌతికశాస్త్రం చెబుతాను. వాలుతలం మీద దిమ్మె లెక్క ప్రతి ఏడాదీ పిల్లల చేత చేయించేదే. అదే లెక్క మా సందుకు కట్టి చూశాను. తాపీ మేస్త్రీలు వాడే నీళ్ళ గొట్టంతో మట్టం చూస్తే, ఎనిమిది మీటర్ల దూరానికి ఒక మీటరు ఎత్తు లేస్తోంది. మా వ్యాగన్ ఆర్ ఖాళీగా సుమారు 850 కిలోలు ఉంటుంది. ఆ వాలులో దాన్ని కిందికి లాగే బలం 105 కిలోల బరువుతో సమానం. నలుగురు ఎక్కి సామాను కూడా పెడితే మొత్తం 1,150 కిలోలు అవుతుంది, లాగే బలం 140 కిలోలు దాటుతుంది. దీన్నంతటినీ మోయవలసింది వెనక చక్రాలే. ముందు చక్రాల డిస్కులకు హ్యాండ్ బ్రేకుతో ఏ సంబంధమూ లేదు. మనం లివరును 20 కిలోల బలంతో లాగితే, లివరు పొడవు వల్ల, డ్రమ్ములో ఉన్న మరో లివరు వల్ల ఆ బలం ఎన్నో రెట్లు పెరిగి షూలకు చేరుతుంది. మధ్యలో ఎక్కడ వదులు ఉన్నా, ఎక్కడ తుప్పు పట్టినా, ఆ పెరగవలసిన బలం అక్కడే హరించుకుపోతుంది.

కాలి బ్రేకు ఉంది కదా, గేరులో పెట్టి దిగుతాం కదా, ఇదెందుకు అని అడిగేవారికి ఒక మాట చెప్పాలి. కేంద్ర మోటారు వాహనాల నియమావళి, 1989లోని 96వ నియమం కారుకు కాలి బ్రేకు ఒకటి, దానితో సంబంధం లేకుండా స్వతంత్రంగా పనిచేసే పార్కింగ్ బ్రేకు ఒకటి ఉండాలంటుంది. స్వతంత్రంగా అనడంలోనే ఉంది కిటుకంతా. కాలి బ్రేకు నడిచేది ద్రవంతో. గొట్టాలు పగిలి ద్రవం మొత్తం కారిపోతే పెడలు నేలకు తగిలినా బండి ఆగదు. అప్పుడు మిగిలేది కేబులుతో నడిచే ఈ చేతి బ్రేకు ఒక్కటే. అందుకే దీన్ని బండి నిలిపేటప్పుడు వాడే ఒక అదనపు సౌకర్యం అనుకోవడం నాకు నచ్చదు.

ఇక అసలు విషయానికి వస్తాను. లివరు బాగా పైకి లేస్తోందని చెబితే రోడ్డు పక్కన చాలామంది చేసే పని ఒకటే. సీట్ల మధ్య ఉన్న ప్లాస్టిక్ కవరు తీస్తారు, లివరు మొదట్లో ఉన్న నట్టును నాలుగు చుట్లు బిగిస్తారు, కవరు పెట్టేస్తారు. లివరు మళ్ళీ అయిదు టక్కులకే ఆగుతుంది. చూసినవారికి పని అయిపోయినట్టే ఉంటుంది. నాకు గట్టి అభ్యంతరం ఉన్నది ఇక్కడే. లివరు పైకి లేవడం రోగం కాదు, రోగ లక్షణం. వదులు ఎక్కువసార్లు పుట్టేది కేబుల్లో కాదు, డ్రమ్ములో. షూల లైనింగు, అంటే డ్రమ్మును ఒరుసుకునే పై పొర, అరిగి డ్రమ్ముకు, షూకు మధ్య ఎడం పెరిగితే, ఆ ఎడాన్ని కేబుల్ని లాగి పూడ్చడం అంటే జ్వరం తగ్గలేదని థర్మామీటరు మార్చడమే. అంతటితో ఆగినా పరవాలేదు, కానీ దాని వల్ల కొత్త చెరుపు మొదలవుతుంది. అది అర్థం కావాలంటే డ్రమ్ము లోపల ఏముందో తెలియాలి.

డ్రమ్ము అంటే చక్రంతో పాటు తిరిగే ఇనప గిన్నె. దాని లోపల అర్ధచంద్రాకారంలో రెండు షూలు ఎదురెదురుగా నిలబడి ఉంటాయి. పైన చిన్న సిలిండరు ఉంటుంది. పెడలు తొక్కితే ద్రవం వచ్చి అందులోని పిస్టన్లను రెండు వైపులా నెడుతుంది, షూలు విచ్చుకుని డ్రమ్ము లోపలి గోడకు ఒరుసుకుంటాయి. కాలు తీయగానే స్ప్రింగులు వాటిని దగ్గరికి లాగేస్తాయి. చక్రం తిరిగే దిశలోకే విచ్చుకునే షూను డ్రమ్మే తనలోకి లాక్కుంటుంది, కాబట్టి మనం పెట్టిన బలం కన్నా ఎక్కువ బలంతో అది పట్టుకుంటుంది. బండి వెనక్కు జారబోతే రెండో షూకు ఆ అవకాశం వస్తుంది. ఎత్తుకు ముఖం పెట్టి నిలిపినా, పల్లానికి ముఖం పెట్టి నిలిపినా ఏదో ఒక షూ ఇలా సాయపడుతుంది. ఇంత చిన్న చోట ఇంత ఆలోచన చేసిన వారి మీద నాకు ఎంతో గౌరవం.

హ్యాండ్ బ్రేకు కేబుల్, డ్రమ్మును వెనక నుంచి మూసి ఉంచే వెనక పలక గుండా లోపలికి వచ్చి, ఒక షూకు తగిలించిన సన్నటి లివరు కొసను పట్టుకుని ఉంటుంది. కేబుల్ లాగితే ఆ లివరు రెండు షూల మధ్య అడ్డంగా ఉన్న కమ్మీని నెట్టి రెండింటినీ విప్పుతుంది. ఆ అడ్డకమ్మీ మీదనే పళ్ళ చక్రం ఒకటి ఉంటుంది. లైనింగు అరిగినకొద్దీ పెడలు తొక్కినప్పుడు ఒక చిన్న నాలుక ఆ పళ్ళ చక్రాన్ని ఒక్కో పన్ను చొప్పున తిప్పి కమ్మీని పొడవు చేస్తుంది. షూకు, డ్రమ్ముకు మధ్య ఎడం తనంతట తానే సరిపోతుంది. ఈ ఏర్పాటు సరిగా పనిచేస్తున్నంతకాలం లివరు టక్కుల లెక్క పెద్దగా మారదు.

ఇదంతా నడవాలంటే ఒక నియమం ఉంది. హ్యాండ్ బ్రేకు పూర్తిగా దించినప్పుడు డ్రమ్ములోని ఆ సన్నటి లివరు వెనక్కు వెళ్ళి తన ఆనుడుకు ఆనుకోవాలి. కేబుల్ని అతిగా బిగిస్తే అది ఆనుడు దాకా వెళ్ళలేదు. షూలు ఎప్పుడూ కొంచెం విచ్చుకునే ఉంటాయి. ఎడం సరిపోయిందనుకుని పళ్ళ చక్రం తిరగడం మానేస్తుంది. అప్పటి నుంచి అరుగుదల పెరుగుతుంది, సరిదిద్దే ఏర్పాటు పడుకుంటుంది. షూలు రాసుకుంటూ తిరిగితే డ్రమ్ము వేడెక్కుతుంది, పెట్రోలు ఎక్కువ తాగుతుంది, కాలిన వాసన వస్తుంది. అందుకే వరుస తప్పకూడదు. ముందు డ్రమ్ము, చివరన కేబుల్. ఈ మాట నాకు మొదట చెప్పింది మా మెకానిక్. పెద్దాయన, నేను మేస్త్రి గారూ అని పిలుస్తాను. ‘మేడమ్ గారూ, నట్టు ముట్టుకునే ముందు షూలు చూడండి. షూలు బాగుంటే నట్టుతో పనే పడదు’ అన్నారు. ఆయన మాటకు భౌతికశాస్త్రం ప్రకారం వెతికినా నాకు ఎదురు దొరకలేదు.

పని చేసే చోటు ముఖ్యం. మా వాలు సందులో ఈ పని ఎన్నటికీ చేయను. ఎంవీపీ కాలనీలో మా అక్క వాళ్ళింటి ముందు సిమెంటు చేసిన చదునైన జాగా ఉంది. అక్కడికి తీసుకువెళ్తాం. మా వారు తోడుంటారు, ఎందుకంటే లోపల కూర్చుని పెడలు తొక్కడానికీ లివరు లాగడానికీ ఒక మనిషి కావాలి.

మొదట ముందు చక్రాలకు రెండు వైపులా త్రికోణపు చెక్క దిమ్మలు పెడతాను. బండిని మొదటి గేరులో ఉంచి, ఇంజిన్ ఆపి, తాళం చెవి నా జేబులో వేసుకుంటాను. మన ఊళ్ళో ఎక్కువగా తిరిగే చిన్న కార్లకు ఇంజిన్ ముందు చక్రాలనే తిప్పుతుంది కాబట్టి గేరు ముందు చక్రాలను పట్టి ఉంచుతుంది, వెనక చక్రాలు స్వేచ్ఛగా తిరుగుతాయి. ఈకో, బొలెరో లాంటి వాటిలో వెనక చక్రాలే బండిని నడుపుతాయి. అక్కడ చక్రం తిప్పి చూడాలంటే న్యూట్రల్‌లో పెట్టక తప్పదు, అప్పుడు చెక్క దిమ్మలే మొత్తం ఆధారం. అలాంటి బండి ఉన్నవారు దిమ్మల విషయంలో మరింత గట్టిగా ఉండాలి.

చక్రం నట్లను జాకీ ఎత్తకముందే, టైరు నేల మీద ఉండగానే కాస్త వదులు చేయాలి. తరువాత జాకీ పెట్టి ఎత్తి, వెంటనే కింద ఇనప స్టాండు పెట్టి, బండి బరువును దాని మీదికి దించాలి. రెండో వైపూ అంతే. కారుతో వచ్చే జాకీ స్టెప్నీ మార్చుకోవడానికి ఇచ్చింది, దాని మీద బండిని ఆపి మనిషి పక్కన కూర్చుని పని చేయడానికి కాదు. స్టాండ్లకు బదులు ఇటుకలు, సిమెంటు దిమ్మలు పేర్చేవారిని చూస్తే నాకు ఊపిరి ఆగుతుంది. ఇటుక బరువు మోస్తుంది, కానీ ఒక అంచు మీద ఒత్తిడి పడితే హెచ్చరిక లేకుండా చిట్లుతుంది. స్టాండ్లు కొనలేకపోతే ఈ పని ఇంట్లో చేయకండి, దయచేసి. తరువాత చక్రం విప్పాక దాన్ని కూడా బండి కింద అడ్డంగా పడుకోబెడతాను. స్టాండు జారినా బండి దాని మీద ఆగుతుంది.

హ్యాండ్ బ్రేకు పూర్తిగా దించి, చక్రం విప్పక ముందే చేత్తో తిప్పి చూడాలి. ఎక్కడో ఒకచోట సన్నగా సుయ్‌మంటూ రాసుకుంటే తప్పు కాదు. చేత్తో తిప్పగానే ఒక చుట్టు కూడా పూర్తికాకుండా ఆగిపోతే షూ పట్టేసిందని అర్థం. రెండు చక్రాలూ ఒకేలా తిరుగుతున్నాయా లేదా అన్నది ఇంకా ముఖ్యం. ఒక వైపు బిగువు, ఒక వైపు వదులు ఉంటే కేబుళ్ళలో ఒకటి పట్టేసి ఉండవచ్చు, లేదా ఒక వైపు పళ్ళ చక్రం తుప్పు పట్టి ఉండవచ్చు.

నా బండికి వెనక పలకలో చిన్న రంధ్రం, దానికి నల్ల రబ్బరు బిరడా ఉన్నాయి. బిరడాను స్క్రూడ్రైవరు మొనతో మెల్లగా లాగితే వేలి చివర పట్టేంత కిటికీ తెరుచుకుంటుంది. ఫోను లైటు అక్కడ పెట్టి, ఒక కన్ను మూసి చూడాలి. మొదట కనిపించేది ఎర్రటి పొడి. లైటును కొద్దిగా వంచితే షూ ఇనప రేకు అంచు కనిపిస్తుంది. దాని మీద ముదురు బూడిద రంగులో అంటుకుని ఉన్న పొరే లైనింగు. ఆ పొర ఎంత మందం ఉందో చూడటానికే ఈ తంటా అంతా. చాలా కార్లకు హద్దు 1 మిల్లీమీటరు దగ్గర ఉంటుంది. నేను 2 మిల్లీమీటర్ల దగ్గరికి వచ్చినప్పుడే మార్పిస్తాను. రెండు వైపులా కలిపి మార్చాలి, ఒక వైపే మార్చితే బ్రేకు ఒక పక్కకు లాగుతుంది. పలక మీద గానీ టైరు లోపలి గోడ మీద గానీ తడి, జిడ్డు కనిపించిందా, అది సిలిండరు నుంచి కారుతున్న బ్రేకు ద్రవం కావచ్చు. అక్కడితో ఇంటి పని ఆపేసి మెకానిక్‌ను పిలవాలి. తడిసిన లైనింగు ఎంత బిగించినా పట్టదు.

ఆ ఎర్రటి పొడిని నోటితో ఊదకండి, గాలి పంపుతో కొట్టించకండి. పాత లైనింగులలో ఆస్బెస్టాస్ ఉండే అవకాశం ఉంది. ఊపిరితిత్తులలోకి పోయిన ఆ పీచు బయటికి రాదు. తడి గుడ్డతో తుడిచి, గుడ్డను సంచిలో కట్టి పారేయాలి. మూతికి మాస్కు పెట్టుకోవడం మంచిది.

లైనింగు బాగుందని తేలాక బండి లోపలికి వస్తాను. సీట్ల మధ్య కవరు తీస్తే లివరు కింద కేబుల్ కొసన ఉన్న నట్టు కనబడుతుంది. నా బండికి 10 నంబరు బాక్సు పానా సరిపోతుంది. దాన్ని మొదట బిగించను, పూర్తిగా వదులు చేస్తాను. చూసేవారికి ఇది వింతగా ఉంటుంది. మా బావగారు పక్కన కుర్చీ వేసుకుని చూస్తూ ‘బిగించాలని వచ్చి వదులు చేస్తున్నావేమిటమ్మా’ అని అడిగారు. డ్రమ్ములోని సన్న లివర్లు రెండూ వెనక్కు వెళ్ళి తమ ఆనుడు దగ్గర కూర్చుంటే తప్ప పళ్ళ చక్రం సరిగా తిరగదని కాగితం మీద బొమ్మ గీసి చూపించాను.

తరువాత మా వారి పని. ‘ఏమండీ, గట్టిగా తొక్కి, పూర్తిగా వదలండి’ అంటాను. అలా పది, పదిహేను సార్లు తొక్కాలి. ఇంజిన్ ఆపి ఉంది కాబట్టి రెండు మూడు సార్లకే పెడలు రాయిలా గట్టిపడుతుంది, అది మామూలే, వెనక్కు తగ్గకుండా తొక్కాలి. నేను డ్రమ్ము దగ్గర చెవి పెట్టి కూర్చుంటాను. పళ్ళ చక్రం కదిలినప్పుడు లోపల నుంచి సన్నగా టిక్కుమని వినిపిస్తుంది. కొన్నిసార్లు తొక్కాక ఆ చప్పుడు ఆగిపోతుంది. ఎడం సరిపోయిందన్నమాట. డ్రమ్మును చేత్తో తిప్పి చూస్తే, ఇంతకు ముందు చప్పుడే లేనిది ఇప్పుడు సన్నగా రాసుకుంటుంది. చాలాసార్లు ఈ ఒక్క పనితోనే లివరు టక్కుల లెక్క సగం దారికి వచ్చేస్తుంది.

ఎంత తొక్కినా మార్పు లేకపోతే పళ్ళ చక్రం తుప్పుతో బిగిసిపోయి ఉండాలి. దాన్ని సరిచేయాలంటే డ్రమ్ము విప్పాలి. కొన్ని కార్లలో రెండు చిన్న స్క్రూలు తీస్తే డ్రమ్ము వచ్చేస్తుంది. అలాంటిదైతే ఓపిక ఉన్నవారు ఇంట్లో విప్పుకోవచ్చు, కానీ ఒక వైపు పూర్తిచేసే దాకా రెండో వైపు ముట్టుకోకూడదు, స్ప్రింగులు ఎలా ఉండాలో చూసుకోవడానికి విప్పని వైపు ఉండాలి. మరికొన్నింట్లో బేరింగు డ్రమ్ములోనే ఉంటుంది, నడుమ పెద్ద నట్టు ఉంటుంది. ఆ నట్టును తిరిగి బిగించడానికి కంపెనీ చెప్పిన కొలత ఉంటుంది, ఆ కొలత చూపే పానా ఉండాలి. నేను ఆ నట్టు జోలికి పోను. మేస్త్రి గారికే అప్పగిస్తాను. ఇంట్లో పని చేసుకోవడం అంటే ఎక్కడ ఆగాలో ముందే నిర్ణయించుకోవడం కూడా.

ఇప్పుడు కేబుల్ వంతు. ముందు లివరును నాలుగైదు సార్లు గట్టిగా లాగి వదలాలి, కేబుళ్ళు తమ చోట సర్దుకుంటాయి. తరువాత నట్టును కొద్దికొద్దిగా బిగిస్తూ, ప్రతిసారీ లివరు లాగి లెక్కపెట్టాలి. ఎన్ని టక్కులు ఉండాలన్నది బండిని బట్టి మారుతుంది, మాన్యువల్ చూసుకోవాలి. అయిదు నుంచి ఎనిమిది మధ్య చాలా బండ్లు ఇముడుతాయి. నేను ఆరు దగ్గర ఆపుతాను. లాగే బలం కూడా ఒకేలా ఉండాలి, ఒళ్ళు విరుచుకుని లాగితే ఏ బ్రేకైనా రెండు టక్కులు ఎక్కువే చూపిస్తుంది. లెక్క కుదిరాక అసలు పరీక్ష ఏమిటంటే, లివరు పూర్తిగా దించి రెండు డ్రమ్ములనూ మళ్ళీ తిప్పడం. బిగించకముందు ఎంత తేలికగా తిరిగాయో ఇప్పుడూ అంతే తేలికగా తిరగాలి. ఏమాత్రం బరువు తెలిసినా నట్టు అరచుట్టు వెనక్కు తిప్పాల్సిందే. ఆరుకు బదులు ఏడు టక్కులు రావడం వల్ల నష్టం లేదు, షూలు రాసుకుంటూ తిరగడం వల్ల ఉంది. తరువాత లివరును ఒక్క టక్కు మాత్రం లేపి, తాళం తిప్పి, మీటర్ల దగ్గర ఎర్ర దీపం వెలిగిందో లేదో చూస్తాను. లివరు కొంచెం లేచి ఉండగానే బండి నడిపేవారిని ఆపగలిగేది ఆ దీపమే.

కేబుళ్ళ గురించి విశాఖలో ఉన్న మా వంటివారు ప్రత్యేకంగా ఆలోచించాలి. బీచ్ రోడ్డు వైపు రోజూ తిరిగే బండి మీద ఉప్పు గాలి పేరుకుంటుంది. కేబుల్ అంటే పైన తొడుగు, లోపల మెలిపెట్టిన ఉక్కు తీగలు. కొసన ఉన్న రబ్బరు తొడుగు చిరిగితే వాన నీళ్ళు లోపలికి దిగుతాయి, ఉప్పు తోడై తుప్పు తొందరగా పడుతుంది. లాగితే వస్తుంది, వదిలితే వెనక్కు వెళ్ళదు. మా వారు లివరు ఎత్తి దించుతుంటే నేను పక్క నుంచి లైటు వేసి కేబుల్ కొసను చూస్తాను. దించిన వెంటనే చటుక్కున వెనక్కు పోవాలి. నత్తనడకన పోతే ఆ కేబుల్ పని అయిపోయినట్టే. లోపల నూనె పోసి నాలుగు రోజులు నడిపిద్దామనే సలహా నేను తీసుకోను. తుప్పు తిన్న తీగలలో కొన్ని తెగి ఉంటాయి, బయటికి కనబడవు. కేబుల్ మార్చడమే దారి.

వెనక కూడా డిస్కు బ్రేకులున్న బండ్ల సంగతి వేరు. కొన్నింట్లో డిస్కు నడుమ చిన్న డ్రమ్ము విడిగా ఉంటుంది, కొన్నింట్లో డిస్కును రెండు వైపులా నొక్కి పట్టే కాలిపరే చేతి బ్రేకు పనీ చేస్తుంది. లివరుకు బదులు మీట నొక్కితే మోటారు బిగించే కొత్త బండ్లను ఇంట్లో విప్పవద్దు. కంప్యూటర్ పెట్టి మోటారును వెనక్కు తిప్పాల్సి ఉంటుంది, బలవంతం చేస్తే మోటారు పాడవుతుంది.

చక్రాలు బిగించి, బండి దించి, నట్లను ఎదురెదురుగా ఒకదాని తరువాత ఒకటి గట్టి చేశాక పరీక్షకు వెళ్తాం. వాలు మీద కాలి బ్రేకుతో బండి ఆపి, న్యూట్రల్‌లో పెట్టి, లివరు లాగి, కాలిని మెల్లగా పైకి తీస్తాను, కానీ పెడలు మీద నుంచి పక్కకు తీయను. ముందు వెనక మనుషులు లేని చోటే చూసుకోవాలి. ఎత్తుకు ముఖం పెట్టి ఒకసారి, పల్లానికి ముఖం పెట్టి ఒకసారి. రెండు వైపులా నిలబడాలి. రోజూ నిలిపేటప్పుడు కూడా ఇదే వరుస పాటిస్తాను. హ్యాండ్ బ్రేకు మీద బండి నిలబడిందని చూసుకున్నాకే గేరు వేస్తాను. ముందే గేరు వేసేస్తే బండిని గేరు పట్టుకుందో బ్రేకు పట్టుకుందో మనకు తెలియదు, బ్రేకు వదులైన సంగతి నెలల తరబడి దాగి ఉంటుంది. ఆపైన ముందు చక్రాలను గోడవైపు తిప్పి దిగుతాను. ఏదైనా తెగినా బండి గోడకే ఆనాలి, సందులోకి పోకూడదు.

యారాడ కొండ రోడ్డు, అనంతగిరి మీదుగా అరకు వెళ్ళే ఘాటు దిగేవారికి ఇంకొకటి చెప్పాలి. కొండ దిగినంతసేపూ కాలు బ్రేకు మీదే ఉంటే డ్రమ్ములు బాగా కాలుతాయి. అలా కాలిన బండిని దిగగానే చేతి బ్రేకు బలంగా లాగి వదిలేస్తే, వేడికి పెరిగిన డ్రమ్ము చల్లారుతూ ముడుచుకుని షూలను నొక్కుకుంటుంది, తరువాత లివరు దించినా చక్రం తొందరగా వదలదు. దిగేటప్పుడు చిన్న గేరులో దిగడమే దీనికి మందు. బాగా కాలినట్టు అనిపిస్తే చదునైన చోట గేరులో పెట్టి, చక్రానికి రాయి పెట్టి, కాసేపు చల్లారనివ్వాలి.

వానాకాలంలో వారాల తరబడి ఊరికి పోయేవారు కూడా వీలైతే చదునైన చోటే బండి పెట్టి, లివరు దించి, గేరులో ఉంచి, రెండు చక్రాలకు దిమ్మలు పెట్టి వెళ్ళండి. లివరు లాగే ఉంచితే తడికి షూలు డ్రమ్ముకు తుప్పుతో అతుక్కుంటాయి. తిరిగి వచ్చాక బండి కదలకపోతే ఇంజిన్‌తో లాగవద్దు, లైనింగు రేకు నుంచి ఊడిపోతుంది. చక్రాలకు దిమ్మలు పెట్టి, లివరు దించి, డ్రమ్ము అంచు మీద చెక్క ముక్క ఆనించి సుత్తితో చుట్టూ మెల్లగా తట్టండి. చాలాసార్లు టప్పుమని వదిలేస్తుంది. వదలకపోతే మెకానిక్‌ను ఇంటికి పిలిపించండి, బండిని అక్కడికి ఈడ్చుకుపోకండి.